దారి చెప్పని సినిమా

హీరో ఎవరని అడుగుతారు, అందరూ. ఆవిడ సినిమాలు తీస్తుందని తెలియగానే మొదటి ప్రశ్న అదే. హీరో లేడండీ, ఉన్న మనుషుల్ని ఉన్నట్టు తీస్తానండీ అంటే మొహాలు చప్పబడిపోతాయి. డాక్యుమెంటరీ అన్న మాట నోట్లోంచి వచ్చిందా, ఇక సరేసరి, వానల గురించి మాట్లాడటం మొదలుపెడతారు. ఇరవై ఆరేళ్ళుగా ఇదే తంతు. అలాంటి వాళ్ళ మీద కోపం తెచ్చుకోవడం ఆవిడ ఎప్పుడో మానేసింది. మానెయ్యకుండా ఉంటేనే బాగుండేది. నాలుగు అంటించాల్సిన మనుషులే వాళ్ళు.

ఆవిడ భర్తకి కళ్ళద్దాల షాపు ఉంది. షాపు వెనక గదే ఆవిడ ఎడిటింగ్ గది, తీసిన ముక్కలు అతికి సినిమా కట్టేది అక్కడే. రెండు తెరలు, సీటు చిరిగితే దిండు వేసుకున్న ఒక కుర్చీ, గోడకి ఎవరూ తీసెయ్యని పాత అక్షరాల చార్టు. అద్దాలు అరగదీసే మిషను గోడకి అవతలే ఉంటుంది. మాటలు సరిగ్గా వినాల్సి వచ్చినప్పుడు ఆవిడ గోడ మీద రెండుసార్లు తడుతుంది, ఆయన మిషను ఆపేస్తాడు. అద్దాల కోసం కూర్చున్నవాళ్ళు గొణిగితే, "మా ఆవిడ సినిమా కడుతోందండీ, కాసేపు ఓపిక పట్టండి. మీ కళ్ళు ఎక్కడికీ పోవుగా" అంటాడు. పాతికేళ్ళ కాపురంలో వాళ్ళిద్దరూ గట్టిగా పోట్లాడుకున్నది ఆ మిషను గురించే తప్ప ఇంకో దాని గురించి కాదు.

ఆవిడ ఇప్పుడు సినిమా తీస్తున్న కొండల్లో వాళ్ళు మాత్రం ఆవిడని ఇంకోసారమ్మ అంటారు. ఒక అవ్వ కట్టెలు దించుతుంటే "అవ్వా, ఇంకోసారి", ఎవరో గడప దాటుతుంటే "ఇంకోసారి దాటమ్మా", నవ్వితే "ఇంకోసారి". ఒకరోజు మేక తుమ్మితే కూడా అలవాటులో నోరు జారింది. ఆ రోజుతో పేరు స్థిరపడిపోయింది.

ఆ కొండల్లో తరతరాలుగా ఉంటున్నవాళ్ళు వాళ్ళు. ప్రతి గట్టుకీ, ప్రతి వాగుకీ పేరు పెట్టింది వాళ్ళే. తర్వాత వచ్చినవాళ్ళు వాటికి వేరే పేర్లు పెట్టి పటాల మీద రాసుకున్నారు. ఈవిడ కంటే ముందు కూడా కెమెరాల వాళ్ళు చాలామంది వచ్చారు. వచ్చారు, నిలబెట్టారు, కూర్చోబెట్టారు, నవ్వమన్నారు, పోయారు. తీసింది ఏమైందో ఒక్కరూ వచ్చి చూపించిన పాపాన పోలేదు. ఒకాయన తీసిన ఫోటో మాత్రం ఏమైందో ఊరందరికీ తెలుసు. ఊరి కింద ఒక నీటి ఊట ఉండేది. ఆ ఊట ఫోటో ఏదో పుస్తకంలో పడింది, దారితో సహా. ఆ వేసవికి జనం కార్లేసుకుని వచ్చారు. మరుసటి ఏడు కంచె వచ్చింది, ఆ తర్వాత గొట్టం, ఆ తర్వాత గేటు, గేటుకి తాళం. ఇప్పుడు తమ ఊట నీళ్ళకి తామే గేటు బయట కుళాయి దగ్గర వరసలో నిలబడతారు. మిగిలింది పైన, నాలుగు గంటల నడక దూరంలో ఉన్న పై ఊట ఒక్కటే.

అందుకే ఈవిడ మొదటిసారి కెమెరా భుజాన వేసుకుని వచ్చినప్పుడు, ఊళ్ళో అందరికంటే పెద్దదైన అవ్వ ఒకే ఒక్క మాట అడిగింది.

"నువ్వు తీసింది మేమెప్పుడు చూస్తాం?"

అప్పటికి ఇరవై రెండేళ్ళుగా సినిమాలు తీస్తున్న మనిషిని ఆ ప్రశ్న అంతకుముందు ఎవరూ అడగలేదు. ఇంకోసారమ్మకి సిగ్గేసింది. అక్కడే, అవ్వ అరుగు మీద కూర్చుని మాట ఇచ్చింది. అడగకుండా ఏదీ తీయదు. సినిమా పూర్తయ్యాక మొదటి ఆట ఈ ఊళ్ళోనే. ఆ ఆట చూసి ఊళ్ళో ఎవరైనా సరే, ఫలానాది తీసెయ్యి అంటే తీసేస్తుంది. ఎందుకని అడగదు. కాగితం మీద రాసి సంతకం పెట్టి బళ్ళో ఇనప్పెట్టెలో పెట్టారు.

ఊళ్ళోవాళ్ళు తీయించుకోవడం వరకే ఆగలేదు, పనిలోకీ దిగారు. మైకు అవ్వ కోడలి చేతికి వచ్చింది. ఆ మనిషి చెవులు అలాంటివి, అడుగుల చప్పుడు విని ఎవరొస్తున్నారో, మోకాలు నొప్పి ఏ కాలికో కూడా చెప్పేస్తుంది. మైకు ఎత్తి వేలు పెదాల మీద పెట్టిందంటే ఎవరైనా నోరు మూసుకోవాల్సిందే.

"ముప్పై ఏళ్ళుగా ఈ సౌకర్యం కోసమే చూస్తున్నానక్కా. మా అత్త నోరు మూయించడానికి నాకు ఒక మిషను దొరికింది" అంది కోడలు.

"మూసుకున్నాననుకుంటోంది. లోపల తిడుతూనే ఉంటా" అంది అవ్వ.

అలా నాలుగేళ్ళు గడిచాయి. సినిమాకి గుండెకాయ ఒక నడక. ఏటా వేసవిలో ఆడవాళ్ళంతా కలిసి పై ఊటకి వెళ్ళి, రాలిన ఆకులు, పేరుకున్న బురద ఎత్తిపోసి వస్తారు. మూడో ఏడు ఇంకోసారమ్మని వెంట తీసుకెళ్ళారు. దారి పొడుగునా పరాచికాలు, పాటలు, చచ్చిపోయిన మొగుళ్ళ మీద చాడీలు. అవ్వ ఒక బండ మీద కూలబడి, తనని మొదటిసారి వాళ్ళమ్మ ఈ దారిన ఎలా ఎత్తుకొచ్చిందో చెప్పింది. చెబుతూ చెబుతూ ఏడ్చింది. ఏడుస్తూనే, "ఇంకోసారి అనకు, చంపేస్తా" అంది. ఇంకోసారమ్మ తీసిందల్లా ఎప్పటికప్పుడు కెమెరా చిన్న తెర మీద చూపించింది. ఒక చెట్టు, ఒక బండ, నవ్వుతున్న నాలుగు మొహాలు. తప్పు పట్టాల్సింది ఎవరికీ ఏమీ కనపడలేదు.

తప్పు ఎడిటింగ్‌లో జరిగింది. చెయ్యడం రాక జరిగిన తప్పు కాదు, బాగా వచ్చినందుకు జరిగింది. ఆవిడకి పని నేర్పిన గురువుగారు వరస విషయంలో పరమ మొండి. ఎడమ నుంచి కుడికి నడిచిన మనిషి తర్వాతి షాట్‌లో కుడి నుంచి ఎడమకి నడిచిందా, ఇక ఆ రోజు భోజనం ఆయనకి సహించదు. శిష్యురాలికీ అదే పట్టింపు వచ్చింది. నడకని చెట్టు తర్వాత చెట్టు, బండ తర్వాత బండ, ఎక్కడా తెగకుండా, అడుగు తప్పకుండా కట్టింది. ఇరవై రెండు నిమిషాలు. తన జీవితంలో అంత శుభ్రంగా కట్టినది ఇంకొకటి లేదని ఆవిడకి తెలుసు. భర్తని పిలిచి చూపిస్తే, ఆయన చూసి, "కాళ్ళు నొప్పి పుట్టాయోయ్" అన్నాడు. ఆవిడ కడుపు నిండిపోయింది.

నగరంలో పెద్ద హాల్లో ఆట వెయ్యడానికి తేదీ ఖాయమైంది. సరిగ్గా పన్నెండు రోజుల ముందు, మొదటి ఆటకని ఇంకోసారమ్మ కొండ ఎక్కింది.

మధ్యాహ్నం బళ్ళో కిటికీలకి దుప్పట్లు కట్టారు. గోడకి తెల్ల దుప్పటి. ఊరంతా వచ్చింది. రోడ్డు మీద బస్సు ఆపుకుని డ్రైవరు కూడా వచ్చి తలుపు దగ్గర కూర్చున్నాడు. తొమ్మిదేళ్ళుగా ఆ రోడ్డు మీద బస్సు నడుపుతున్నాడు, రోడ్డు దాటి పైకి ఒక్క అడుగు వేసి ఎరగడు. మొదటి అరగంట తెర మీద మాట ఒక్కటి వినపడితే ఒట్టు, అంత నవ్వులు. నా నడక చూడు, నీ బొజ్జ చూడు అని ఒకటే గోల. నడక మొదలయ్యాక నవ్వులు పల్చబడ్డాయి. తర్వాత పూర్తిగా ఆగిపోయాయి. లీనమైపోయారని ఇంకోసారమ్మ లోలోపల పొంగిపోయింది. ఎంత పెద్ద పప్పులో కాలేసిందో ఇంకా తెలియదు పాపం.

ఆట అయింది. దుప్పట్లు విప్పారు. అవ్వ తలుపు వైపు తిరిగింది.

"ఏమయ్యా డ్రైవరూ, నువ్వెప్పుడైనా పై ఊటకి పోయావా?"

"లేదవ్వా."

"ఇప్పుడు పొమ్మంటే పోగలవా?"

డ్రైవరు వేళ్ళు మడవడం మొదలుపెట్టాడు. "రోడ్డు పక్కన వంగిన చెట్టు. దాని ఎడమ పక్క జంట బండలు. అక్కడి నుంచి ఎర్రమట్టి గట్టు ఎక్కాలి. గట్టు మీద మోకాలెత్తు వేరు అడ్డం ఉంటుంది, దాన్ని దాటి ఎండ వీపు మీద పడేట్టు నడవాలి. ఇంకాసేపటికి నీళ్ళ చప్పుడు..." తల ఎత్తి నవ్వాడు, పాఠం అప్పజెప్పిన పిల్లాడిలా. "పోగలనవ్వా."

ఇంకోసారమ్మకి అప్పుడర్థమైంది. నడక రోజు ముక్కలు ముక్కలుగా వాళ్ళకి చూపించినవి చెట్లూ బండలే. తను కూర్చుని వాటితో దారి వేసింది. చీపురు పట్టి ఊడ్చినంత శుభ్రంగా వేసింది.

"నడక తీసెయ్యమ్మా" అంది అవ్వ.

"తీసేస్తానవ్వా" అంది ఇంకోసారమ్మ. ఎందుకని అడగక్కర్లేదు. అడగకూడదు కూడా. కానీ ఆ నడక పోతే ఆ సినిమాలో మిగిలేది కట్టెలు దించడం, మేక తుమ్మడం. నాలుగేళ్ళ పని నీరుగారిపోయినట్టే. అయినా మాట మాటే. ఇప్పుడు తప్పితే, గేటు పెట్టించిన ఫోటో ఆయనకీ తనకీ తేడా ఏముంటుంది? బస్సు ఎక్కాక కిటికీ వైపు తిరిగి ఏడ్చింది. డ్రైవరు పాపం తను ఏం పాడుచేశాడో తెలియక దారంతా అద్దంలో చూస్తూనే ఉన్నాడు.

మర్నాడు పొద్దున్నే కళ్ళద్దాల షాపు తలుపు తెరిచేసరికి మెట్ల మీద అవ్వ, కోడలు, ఒక మూట.

"తీసెయ్యమన్నాను, నిజమే. ఎలా తీస్తావో చూడొద్దా? నా నడక అది" అంది అవ్వ.

ఇంకోసారమ్మ భర్త కుర్చీ వేసి, మంచినీళ్ళిచ్చి, వృత్తి ధర్మం కదా అని అవ్వని షాపులోని అక్షరాల చార్టు ముందు కూర్చోబెట్టాడు. పైనున్న పెద్ద అక్షరం ఏమిటి అవ్వా అంటే, మేకల దొడ్డి తలుపు అంది. కింది వరసలో చిన్నవి? చీమలు, ఏడు, ఒకటి తిరగబడింది అంది. సరిగ్గా ఏడే. ఆయన చేతులెత్తేశాడు. "నీకు అద్దాలు అమ్మి బతకలేనవ్వా."

వెనక గదిలో ఇంకోసారమ్మ నడకని తెర మీదకి తెచ్చింది. పూర్తిగా తీసేసే ముందు, కనీసం అవ్వ బండ మీద కూర్చుని వాళ్ళమ్మ గురించి చెప్పిన ముక్క దాచుకుందామని, దాన్ని పట్టి పక్కకి లాగింది.

"ఆగు" అంది అవ్వ. "ఆ బండ పక్కకి పోయిందే?"

"పోతుందవ్వా. ఎక్కడ పెడితే అక్కడికి పోతుంది."

అవ్వ తెరకి మొహం ఆనించినంత దగ్గరికి జరిగింది. "అయితే దాన్ని తీసుకెళ్ళి వంగిన చెట్టుకి ముందు పెట్టు."

పెట్టింది. అవ్వ కోడలి వైపు చూసింది. కోడలు అత్త వైపు చూసింది. ఇద్దరూ ఒకేసారి నవ్వారు.

ఆ తర్వాత వారం రోజులు ఆ గదిలో జరిగిన దాన్ని ఎడిటింగ్ అనాలో, అల్లరి అనాలో చెప్పడం కష్టం. ఎర్రమట్టి గట్టు కొండకి అవతలి పక్కకి పోయింది. మోకాలెత్తు వేరు మొదట్లోకి వచ్చింది. పొద్దుటి ఎండ తర్వాత సాయంత్రం నీడ, మళ్ళీ పొద్దుటి ఎండ. ఎక్కిన వాళ్ళే మళ్ళీ ఎక్కుతారు, దిగకుండా. నీళ్ళ చప్పుడు దగ్గరయ్యే కొద్దీ పెరుగుతుంది కదా అని కోడలికి తట్టింది. ఊట దగ్గరి చప్పుడు ఊడబీకి, నీటి చుక్క లేని ఎండు లోయ మీద పరిచింది. ఊట ముందు ఉత్త గాలి చప్పుడు పెట్టింది. ఒక దగ్గర షాట్‌నే అద్దంలోలా తిరగేద్దామని ఇంకోసారమ్మ సలహా ఇస్తే, అవ్వ అడ్డం పడింది. తెర మీద తన ఎడమ బుగ్గ పుట్టుమచ్చ కుడి బుగ్గకి వచ్చింది.

"మనుషుల్ని తిరగెయ్యకు. కొండని తిరగెయ్. అది ఏమీ అనుకోదు" అంది.

ప్రతి కట్‌కీ ఇంకోసారమ్మకి పళ్ళు జివ్వుమన్నాయి. గురువుగారు నెత్తి మీద కూర్చుని మొట్టికాయలు వేస్తున్నట్టే ఉంది. దానికంటే పెద్ద బాధ ఇంకొకటి ఉంది. మూడోరోజు భోజనాల దగ్గర బయటపెట్టేసింది.

"ఉన్నది ఉన్నట్టు తీస్తానని అందరికీ చెప్పుకుని తిరిగేదాన్ని అవ్వా. ఇది అబద్ధం కాదా?"

"మేం నడిచింది అబద్ధమా?"

"కాదు."

"నేను ఏడ్చింది?"

"కాదు."

"మా ఇంటికొచ్చినవాళ్ళకి భోజనం పెడతాం, పక్క వేస్తాం, మా అమ్మ కథ చెబుతాం. పెట్టె తాళం చెవి కూడా చేతిలో పెట్టాలంటావా?"

ఇంకోసారమ్మ లేచి చెయ్యి కడుక్కుంది. అయితే మొదట్లో ఒక మాట రాస్తానంది. అవ్వ సరేనంది. సినిమా మొదలవగానే నల్ల తెర మీద తెల్లగా, "ఇందులో మనుషులు నిజం, మాటలు నిజం, నడక నిజం. దారి మాత్రం మేమంతా కూర్చుని కట్టింది" అని పడుతుంది. ఇంతకంటే నిజాయితీగా ఎవరు చెబుతారు? కాకపోతే మొదట పడే అక్షరాలు చదివేవాళ్ళెవరు? ఆ టైముకి జనం సీటు వెతుక్కుంటూ ఉంటారు.

వెళ్ళేముందు కోడలు కాస్త మొహమాటపడుతూ అడిగింది. "అక్కా, అసలు వరస నీ దగ్గరే ఉంటుందా?"

ఇరవై ఆరేళ్ళలో తీసినది ఒక్క ముక్క చెరిపి ఎరగని మనిషి ఆవిడ. పెళ్ళివారి వీడియోలు కూడా దాచిన రకం. ఆ నడక తాలూకు మొత్తం ఒక డిస్కులోకి ఎక్కించి కోడలి చేతిలో పెట్టింది, బళ్ళో ఇనప్పెట్టెలో దాచమని. తన దగ్గరున్నది వాళ్ళిద్దరి ఎదురుగానే చెరిపేసింది. ఒక పన్ను పీకించుకున్నట్టయింది. తర్వాత, పన్ను పీకించుకున్నాక ఉన్నట్టే, హాయిగా కూడా అనిపించింది.

నగరంలో ఆట బాగా జరిగింది. అవ్వ ఏడ్చిన చోట హాలంతా ఏడ్చింది. అయిపోయాక గురువుగారు చేతికర్ర టకటకలాడించుకుంటూ వచ్చారు.

"నడకలో పదకొండు తప్పులు. నేను నేర్పింది ఇదేనా?"

"పదమూడండీ. రెండు మీకు దొరకలేదు."

ఆయన మొహం కందగడ్డయింది. సంగతంతా చెప్పాక మాత్రం చేతికర్ర పక్కన పెట్టి సీట్లో కూర్చున్నారు. "ఆ రెండూ ఎక్కడో చెప్పు" అన్నారు.

ఏడాది తిరిగి మళ్ళీ వేసవి వచ్చింది. ఈసారి కింది ఊట గేటు గురించి సినిమా తియ్యాలని ఊరే అడిగింది. ఇంకోసారమ్మ అవ్వ అరుగు మీద కూర్చుని మైకు తీగల చిక్కులు తీస్తోంది. పక్కన అవ్వ, కోడలు గింజలు ఏరుతున్నారు. అప్పుడు ఎండకి కమిలిపోయిన మొహాలతో ముగ్గురు వచ్చారు. బూట్ల నిండా దుమ్ము, చేతిలో ఫోను, ఫోనులో ఆ సినిమా. రెండు రోజులుగా తిరుగుతున్నారట. చెట్టు దొరికిందట, బండ దొరికిందట, కానీ ఎటు నడిచినా మళ్ళీ రోడ్డు మీదకే తేలుతున్నారట. అవ్వని చూసి గుర్తుపట్టి చేతులు పట్టుకున్నారు. చెడ్డవాళ్ళు కారు. కింది ఊటకి మొదట వచ్చినవాళ్ళూ చెడ్డవాళ్ళు కారు.

"అవ్వా, ఆ పై ఊట చూపించవా? ఎంత కావాలన్నా ఇస్తాం."

అవ్వ గింజలు ఏరుతూ ఉండిపోయింది. వాళ్ళలో ఒకతను పక్కకి చూశాడు.

"అయ్యో, మేడం, మీరే కదా తీసింది! మీరు నడిచారు కదా. మీరైనా చెప్పండి."

కోడలి చేతులు ఆగిపోయాయి. అవ్వ చేతులు కూడా ఆగాయి. ఐదేళ్ళ సావాసం, కాగితం మీద సంతకం, చెరిపేసిన అసలు వరస, అన్నీ ఉన్నా దారి ఈ మనిషి తలలో మిగిలే ఉంది కదా అన్న సంగతి ముగ్గురికీ ఆ క్షణంలోనే తట్టింది.

చెప్పకూడదండీ అని మర్యాదగా చెబుదామని ఇంకోసారమ్మ నోరు తెరిచింది. తెరుస్తూనే లోపల దారి కోసం వెతుక్కుంది. వంగిన చెట్టు. దాని తర్వాత? బండ చెట్టుకి ముందా, వెనకా? వేరు గట్టుకి కిందా, పైనా? కళ్ళు మూసుకుంటే వస్తున్నది సినిమా వరసే. కడుతూ వందసార్లు, చూపిస్తూ వందసార్లు చూసిన ఆ తిరగేసిన కొండే. తన కాళ్ళతో నడిచిన ఒక్క నడకని అది ఎప్పుడు తుడిచేసిందో తెలియదు.

"నాకు తెలీదండీ" అంది. ఆ మాట నిజమని తెలిసి ఆవిడే తెల్లబోయింది.

వాళ్ళ మొహాలు వాడిపోయాయి. అవ్వ లేచి లోపలికి వెళ్ళి, కుండలోంచి నీళ్ళు ముంచి తెచ్చి ముగ్గురికీ ఇచ్చింది. గటగటా తాగారు. "అబ్బ, ఎంత చల్లగా ఉన్నాయవ్వా! ఫ్రిజ్ నీళ్ళా?" అని అడిగారు. మా ఇంటి నీళ్ళే అంది అవ్వ. ఇంకో గ్లాసు చొప్పున తాగి, పదేపదే దండాలు పెట్టి, రోడ్డు వైపు వెళ్ళిపోయారు.

వాళ్ళు మలుపు తిరిగేదాకా ఆగి అవ్వ అడిగింది. "నిజంగా తెలీదా?"

"నిజంగా, అవ్వా. ఒట్టు. మొత్తం పోయింది."

అవ్వ ఆవిడ మొహంలోకి చాలాసేపు చూసింది. అబద్ధం చెప్పేవాళ్ళని చూసి చూసి ఉన్న కళ్ళు అవి. తర్వాత చెయ్యి చాపి ఆవిడ మోకాలి మీద గట్టిగా ఒక్కటి చరిచింది.

"అయితే ఎల్లుండి మాతో రా. ఊట బురద తియ్యాలి, ఈ ఏడు చేతులు తక్కువయ్యాయి. కెమెరా ఇక్కడే పెట్టు."

"దారి మళ్ళీ గుర్తుండిపోతే?"

"ఉండనీ" అంది అవ్వ. "మా వాళ్ళందరికీ గుర్తుంది, నీకుంటే ఏం?"

ఇంకోసారమ్మ కళ్ళు తుడుచుకుని తీగల చిక్కు ఎక్కడిదాకా తీసిందో వెతుక్కుంది. కోడలు లోపలికి వెళ్ళి రెండు తట్టలు తెచ్చి, వాటిలో గట్టిది చూసి ఆవిడ ముందు పెట్టింది.